గంగమ్మ వేషాల మధ్య మార్సెల్ మార్సో

మంగళవారం

నారాయణాద్రి రేణిగుంట దాటగానే బోగీలో సగం మంది లేచి తలుపుల దగ్గరికి చేరారు. కొండ కనబడింది, గోవింద నామం అందుకున్నారు. తిరుపతిలో దిగి, కొండకి కాకుండా ఆటో ఎక్కి తాతయ్యగుంట వైపు వెళ్లినవాణ్ణి ఆ బోగీలో బహుశా నేనొక్కణ్ణే.

నేను వచ్చింది మూకాభినయం నేర్పడానికి. నా మిత్రుడు ఇక్కడ ఒక కాలేజీలో తెలుగు చెబుతాడు. నాటకాల పిచ్చి ఉన్న పిల్లల్ని వేసవి సెలవుల్లో పోగేసి, "కొన్నాళ్లుండి వీళ్లకి మైమ్ నేర్పు, ఆదివారం సాయంత్రం మార్సెల్ మార్సో గురించి మాట్లాడు" అన్నాడు. మార్సో అంటే ఫ్రాన్స్‌కి చెందిన మూకాభినయ కళాకారుడు. తేదీలు తనే ఖరారు చేశాడు. అవి ఊరి గ్రామదేవత గంగమ్మ జాతర రోజులని ఫోన్లో ఒక్క మాట అనలేదు. అడిగితే నవ్వి, "చెబితే వాయిదా వేద్దామంటావు. వేషాల గురించి చెప్పేవాడికి ఇంతకంటే మంచి వారం ఎక్కడ దొరుకుతుందిరా" అన్నాడు.

మధ్యాహ్నం రాగి సంగటి, వంకాయ పులుసు. వడ్డిస్తూనే వాళ్ల నాన్నగారు ఊరి కట్టడి చెప్పారు. "ఈ రాత్రి చాటింపు నాయనా. చాటింపు అయినాక ఊళ్లోవాళ్లు జాతర అయ్యేదాకా పొలిమేర దాటకూడదు."

"సోమవారం సాయంత్రం చిత్తూరు వెళ్లాలి బాబాయ్."

"నువ్వు ఈ ఊరోడివి కాదు కదా, నీకేం లేదులే. మావాడు మాత్రం కదిలేదానికి లేదు" అన్నారు. రోజూ ఇన్ని వేలమంది వచ్చిపోయే ఊళ్లో ఈ నియమం ఎలా నిలబడింది అని నేను ఆశ్చర్యపోతుంటే, ఆయన ఇంకో ముద్ద సంగటి వేసేశారు.

రాత్రి డప్పు మోగింది. గంగమ్మ పుట్టిల్లు అవిలాల అంటారు. అక్కడి నుంచి సారె వస్తుంది, చాటింపు వేస్తారు. కొండ మీది వేంకటేశ్వరుడికి గంగమ్మ చెల్లెలు వరస, అందుకని తిరుమల నుంచి కూడా సారె వస్తుంది.

బుధవారం

పొద్దున్నే కాఫీకి వీధిలోకి వస్తే ఎదురుగా ఒంటినిండా తెల్లగా ఉన్న పిల్లాడు. ముఖం, పొట్ట, కాళ్లు, అన్నీ నామం సుద్దే. మెడలో కాయల దండ, చేతిలో వేపమండ. వెనకాల వాళ్లమ్మ, చంకలో ఇంకొకడు, వాడూ తెలుపే. ఇవాళ బైరాగి వేషం.

కథ బాబాయ్ చెప్పారు. పూర్వం ఈ ప్రాంతాన్ని ఏలిన పాలెగాడు ఒకడు ఆడపిల్లల్ని బతకనిచ్చేవాడు కాదు. గంగమ్మ మీదికి కూడా చెయ్యి చాచాడు. ఆమె అసలు రూపం చూసి భయపడి పారిపోయి ఎక్కడో దాక్కున్నాడు. వాణ్ణి వెతుక్కుంటూ ఆమె రోజుకో వేషం కట్టింది. ఆ వేషాలే ఇప్పుడు ఊరంతా కడుతుంది. అసలు అమ్మవారి వేషాలు కట్టే హక్కు కైకాల వంశస్థులది. మిగతావాళ్లు మొక్కుకొని కడతారు. పిల్లలు, ముసలాళ్లు, ఆఫీసుకి సెలవు పెట్టిన గుమాస్తాలు, అందరూ.

తెల్ల ముఖం చూస్తే నాకు మార్సో గుర్తు రాకుండా ఎలా ఉంటాడు? క్లాసు కూడా అక్కడే మొదలుపెట్టాను. పందొమ్మిదో శతాబ్దంలో పారిస్‌లో ఫ్యూనాంబ్యూల్ అనే చిన్న థియేటర్ ఉండేది. అలాంటి చోట్ల నటులు మాట్లాడటం మీద ఆంక్షలుండేవి. మాటల నాటకం పెద్ద థియేటర్ల సొత్తు. అక్కడ జాన్ గాస్పార్ డ్యుబ్యురో అనే నటుడు ముఖానికి తెలుపు పూసుకొని, వదులు చొక్కా తొడుక్కొని, పియెరో అనే పాత్రలో ఊరందరినీ ఊపేశాడు. మాట్లాడొద్దన్నందుకు పుట్టిన కళ అది. దాదాపు వందేళ్ల తర్వాత మార్సో వేసుకున్న తెలుపు ఆ వరసలోదే. చుట్టూ నల్లటి తెర, ముఖం తెల్లగా, కళ్ల చుట్టూ నల్ల గీత, పెదాలకి ఎరుపు. ఆఖరి వరసలో కూర్చున్నవాడికి కూడా కనుబొమ్మ కదలిక అందాలి కదా.

తర్వాత గోడ. మైమ్ అనగానే అందరూ చేసేది అదే, అందరూ చెడగొట్టేదీ అదే. అరచేతులు గాలిలో అటూ ఇటూ తిప్పితే అది గోడ కాదు, అద్దం తుడవడం. చెయ్యి వదులుగా రావాలి, గోడ తగిలిన క్షణంలో వేళ్లన్నీ ఒక్కసారి బిగుసుకోవాలి. ఆ తర్వాత మనిషి ఎటు జరిగినా ఆ చెయ్యి మాత్రం ఆ చోటు వదలకూడదు. భుజం కదలాలి, మోచెయ్యి మడవాలి, అరచెయ్యి ఉన్నచోటే ఉండాలి. ఈ వ్యాకరణమంతా కూర్చి పెట్టినవాడు ఎతియెన్ డెక్రూ. మార్సోకి గురువు. యుద్ధమయ్యాక మార్సో పారిస్‌లో షార్ల్ డ్యులాన్ నడిపే నాటకశాలలో చేరితే, అక్కడ డెక్రూ పాఠాలు చెప్పేవాడు. ఆయన మహా కఠినుడు. జనాన్ని నవ్వించడం, మెప్పించడం ఆయనకి గిట్టదు. శిష్యుడేమో జనం లేకపోతే ఊపిరాడనివాడు. ఇద్దరి దారులూ వేరైపోయాయి. గోడ డెక్రూది, ఆ గోడ ముందు మనిషికి పట్టిన చెమట మార్సోది. నా లెక్క ఇది, డెక్రూ శిష్యులు ఒప్పుకోరు.

మధ్యాహ్నానికి ఒకమ్మాయికి గోడ దొరికింది. మిగతావాళ్లు ఇంకా అద్దాలు తుడుస్తున్నారు.

గురువారం

బండ వేషం. ఒళ్లంతా కుంకుమ, దాని మీద నల్లటి బొట్లు. ఈ వేషంలో ఉన్నవాళ్లకి ఎవరినైనా తిట్టే హక్కుంది. అదీ మామూలు తిట్లు కాదు. కాలేజీకి బయల్దేరిన మా లెక్చరర్ మిత్రుణ్ణి వీధి మొగలో పదేళ్ల ఎర్ర పిల్లలు నలుగురు ఆపి, వాళ్ల వయసుకి తెలియకూడని మాటలన్నీ అప్పజెప్పారు. మావాడు చేతులు కట్టుకొని విన్నాడు. తిట్టించుకుంటే అమ్మవారు చల్లగా చూస్తుందని నమ్మకం. పైగా ఇరవై రూపాయలు కూడా ఇచ్చాడు. "వీళ్లలో ఒకడి అన్న మా క్లాసులోనే ఉన్నాడు, వాడే నేర్పించి పంపుంటాడు" అన్నాడు నాతో.

ఇంత నోరున్న ఊళ్లో నోరు మూసుకోవడం నేర్పుతున్నానని ఆ రోజు క్లాసులో జోకు. అప్పుడు చెప్పాను, మార్సో మౌని కాడు అని. తెర దించగానే మొదలుపెడితే ఆపేవాడు కాదు. ఫ్రెంచి, జర్మన్, ఇంగ్లిషు, మూడింట్లోనూ ధారాళంగా మాట్లాడేవాడు. 1976లో హాలీవుడ్ దర్శకుడు మెల్ బ్రూక్స్ మాటల్లేని సినిమా ఒకటి తీసి, అందులో ఒకే ఒక్క మాట పెట్టాడు. అది మార్సో నోట పెట్టాడు. ఫోన్ ఎత్తి "నో" అంటాడు, ఫ్రెంచిలో. పిల్లలకి ఇది తెగ నచ్చింది. ఆ మధ్యాహ్నమంతా ఎవరేం అడిగినా "నో" అనే.

పుట్టింది 1923 మార్చి 22న, జర్మనీ సరిహద్దులో ఉన్న ఫ్రెంచి పట్టణం స్ట్రాస్‌బర్గ్‌లో. యూదు కుటుంబం. తండ్రి షార్ల్ మాంజెల్ పోలండ్ నుంచి వచ్చి మాంసం కొట్టు పెట్టుకున్నాడు. ఐదేళ్లప్పుడు వాళ్లమ్మ చాప్లిన్ సినిమాకి తీసుకెళ్లింది. అంతే, ఆ పిల్లాడు ప్యాంటు జార్చుకొని, కర్ర ఊపుకుంటూ వీధిలో పిల్లల్ని నవ్వించడం మొదలుపెట్టాడు. ఇలాంటి బాల్యం కథలు కళాకారులందరికీ ఉంటాయి, నేను పెద్దగా పట్టించుకోను. కానీ ఇక్కడ గమనించాల్సింది ఆ ఇంటిపేరు. పుట్టినప్పుడు అతను మార్సెల్ మాంజెల్. మార్సో ఎప్పుడయ్యాడో శనివారం చెబుతానని ఆపేశాను.

శుక్రవారం

ఊళ్లో తోటి వేషం, ఒళ్లంతా బొగ్గు. కట్టడి ఉన్న ఊరి పిల్లల్ని వదిలేసి, బయటూళ్ల పిల్లలతో నేను పొద్దున్నే చంద్రగిరి వెళ్లిపోయాను. పులిబొంగరాలు ఒక డబ్బా, కారం చట్నీ ఒక డబ్బా, మజ్జిగ సీసాలు. విజయనగర రాజులు చివర్లో కాపురం పెట్టిన కోట ఇది. రాజమహల్, రాణీమహల్, వెనకాల ఎండకి కాలిపోతున్న రాతి కొండ. పదిగంటలకే నేల మీద కాలు ఆనడం లేదు, చెట్టు నీడ వెతుక్కున్నాం.

నడక నేర్పడానికి తెచ్చాను వీళ్లని. ఉన్నచోటనే ఉండి ముందుకు పోతున్నట్టు నడవడం. దీన్ని 1930ల్లో డెక్రూ, ఆయన దగ్గర పనిచేసిన జాన్ లూయీ బరో కలిసి కనిపెట్టారు. దానికి మార్సో ఎదురుగాలి చేర్చాడు. గాలికి ఎదురు నడిచే మనిషి అంశం రెండు మూడు నిమిషాలు ఉంటుందేమో, ప్రపంచమంతా దాంతోనే అతన్ని గుర్తుపెట్టుకుంది. తేలికగా ఉన్న కాలు జారుతూ వెనక్కి పోవాలి, బరువంతా రెండో కాలి మీద ఉండాలి, చూసేవాడికి సరిగ్గా ఉల్టా కనిపించాలి. ఛాతీ ముందుకి వాలాలి, గాలి పెరిగితే ఒక్క అడుగు వెనక్కి తోసెయ్యాలి.

"సార్, ఇది మూన్‌వాకే కదా?" అన్నాడు ఒకడు. దగ్గరి చుట్టమే అన్నాను. వాడు వెంటనే రాజమహల్ ముందు మైకేల్ జాక్సన్ అయిపోయాడు. బస్సుల్లో వచ్చిన యాత్రికులు ఫోన్లు తీశారు. ఆ తర్వాత క్లాసు సాగలేదు.

శనివారం

దొర వేషం. ఊరు తీరు మారింది. ఒంటికి గంధం, మెడలో వేపాకు దండలు, నిమ్మకాయల దండలు. నిన్నటిదాకా అల్లరి చేసిన కుర్రాళ్లే ఇవాళ హుందాగా నడుస్తున్నారు. కథలో ఇది కీలకమైన రోజు. బైరాగినీ, బండనీ, తోటినీ చూసి బయటికి రాని పాలెగాడు, పెద్ద దొర ఎవరో వచ్చాడని విని మర్యాద చెయ్యడానికి వచ్చాడు. దొర గంగమ్మే. అక్కడికక్కడ తల తెగింది.

మార్సో పేరు కథ చెప్పడానికి నేను ఈ రోజు దాకా ఆగింది ఇందుకే.

1939లో యుద్ధం మొదలవగానే సరిహద్దు ఊరని స్ట్రాస్‌బర్గ్‌ని ఖాళీ చేయించారు. అతనికి 16 ఏళ్లు. కుటుంబం నైరుతి ఫ్రాన్స్ వైపు వెళ్లింది. లిమోజ్‌లో చిత్రకళ చదివాడు, చెయ్యి మంచిది. ఫ్రాన్స్ జర్మన్ల చేతికి పోయాక యూదు ఇంటిపేరుతో బతకడం కష్టమైంది. అన్న ఆలెన్, తను, ఇద్దరూ ఫ్రెంచి విప్లవకాలపు సేనాని మార్సో పేరు తగిలించుకున్నారు. రహస్య ప్రతిఘటన దళంలో చేరారు. బొమ్మలేసే చేత్తో దొంగ గుర్తింపు కార్డులు తయారుచేసేవాడు, కుర్రాళ్ల వయసు తగ్గించి చూపించేవాడు. పెద్దవాళ్లని వెట్టిచాకిరీకి తోలుకుపోయేవారు, చిన్నపిల్లలైతే తప్పించుకోవచ్చు.

ఆ తర్వాత పిల్లల్ని దాటించే పని. వరసకి అన్నయ్యే అయిన జార్జ్ లాంజె అప్పటికే యూదు పిల్లల్ని స్విట్జర్లాండ్ చేరుస్తున్నాడు. మార్సో స్కౌట్ నాయకుడి వేషం కట్టి, పిల్లలకి కూడా స్కౌట్ బట్టలు తొడిగి, విహారానికి పోతున్నట్టు అడవిలో నడిపించి సరిహద్దు దగ్గర అప్పగించేవాడు. అమ్మానాన్నల్ని పోగొట్టుకున్న పిల్లలు. దారిలో ఒక్కడు ఏడ్చినా అందరి ప్రాణం పోతుంది. వాళ్లని నవ్వించాలి, ఆ నవ్వు బయటికి వినపడకూడదు. ముఖంతో, చేతుల్తో ఆడించాడు.

గంగమ్మ వేషాలు కట్టింది దాక్కున్నవాణ్ణి బయటికి లాగడానికి. మార్సో వేషం కట్టింది దాక్కోవలసినవాళ్లని దాటించడానికి. ఈ సంగతి తెలిశాక అతని ఆటని నేను మునుపటిలా చూడలేకపోయాను. మార్సో అంటే పువ్వు, సీతాకోకచిలుక, సున్నితం అని రాస్తారు. ఉండొచ్చు. కానీ ఆ నిశ్శబ్దం మొదట పనికొచ్చింది చప్పుడైతే చచ్చిపోయే చోట.

1944లో తండ్రిని జర్మన్లు పట్టుకొని ఆష్‌విట్జ్‌కి పంపారు. తిరిగి రాలేదు. తల్లి బతికింది. అదే ఏడు పారిస్ విముక్తి అయ్యాక మార్సో సైన్యంలో చేరాడు. ఇంగ్లిషు వచ్చు కాబట్టి అమెరికన్ సేనాని పాటన్ దళాలతో మధ్యవర్తిగా వేశారు. 3,000 మంది అమెరికన్ సైనికుల ముందు ఆడినదే అతని మొదటి పెద్ద ప్రదర్శన.

క్లాసులో ఎవరూ ఏమీ అడగలేదు. బయట డప్పులు మోగుతుంటే వెళ్లి దొర ఊరేగింపు చూసొచ్చాం.

ఆదివారం

మాతంగి వేషం. మగవాళ్లు ఆడ వేషం కట్టే రోజు. ముందే విన్నాను, అయినా కళ్లారా చూస్తే వేరు. పట్టుచీర, జడ, పూలు, గాజులు, కింద గుబురు మీసం. ఒకతను చీర కుచ్చిళ్లు పైకి దోపి బుల్లెట్ బండి కిక్ కొడుతున్నాడు, వెనక భార్య కూర్చుని అతని పైట సర్దుతోంది. ఆడపిల్లల జోలికి వచ్చినవాడి తల తెగిన మర్నాడు మగాళ్లందరూ చీర కట్టడం నాకు బాగా నచ్చింది.

సాయంత్రం ప్రసంగం. కాలేజీ హాలు దొరకలేదు, మిత్రుడి మేడ మీద పెట్టాం. క్లాసు పిల్లలు, వీధివాళ్లు, చీర విప్పకుండానే వచ్చిన ఇద్దరు మాతంగులు. రాగి అంబలి గ్లాసులు తిరుగుతున్నాయి.

బిప్ గురించి చెప్పాను. 1947లో మార్సో కల్పించుకున్న మనిషి. చారల బనీను, నలిగిపోయిన పొడుగు టోపీ, దానికొక ఎర్ర పువ్వు. సింహాల్ని ఆడించబోతాడు, మంచు మీద జారబోతాడు, రైల్లో నిలదొక్కుకోబోతాడు, ప్రతిచోటా లోకం అతని చెయ్యి జారిపోతుంది. 1949లో సొంత బృందం. 1951లో రష్యన్ రచయిత గొగోల్ కథ 'ఓవర్‌కోటు'ని మాటల్లేకుండా నాటకంగా ఆడారు. 1955–56లో న్యూయార్క్ ఫీనిక్స్ థియేటర్‌లో మొదలైన పర్యటన తర్వాత ఇక ఆగింది లేదు, ప్రపంచమంతా తిరిగాడు. 1978లో పారిస్‌లో మైమ్ పాఠశాల పెట్టాడు.

ఎక్కువసేపు చెప్పింది మాత్రం రెండు అంశాల గురించి. మొదటిది బైబిల్ కథ 'దావీదు, గొలియాతు'. వేదిక మధ్యలో చిన్న తెర. దాని వెనక్కి బక్క దావీదుగా వెళ్లి, అవతలి అంచున రాక్షసుడు గొలియాతుగా బయటికి వస్తాడు. బట్ట మార్చడు, రంగు మార్చడు, మారేది వెన్నెముక ఒక్కటే. వేగం పెరిగేకొద్దీ ఇద్దరూ ఒకేసారి ఉన్నారనిపిస్తుంది. రెండోది 'ముసుగుల తయారీదారు', అతని బృందంలో పనిచేసిన హోదొరోవ్‌స్కీ ఇచ్చిన ఆలోచన. ముసుగులు చేసేవాడు ఒక్కొక్కటే పెట్టి చూసుకుంటాడు. ఏడుపుది, కోపంది, నవ్వుది. నవ్వు ముసుగు ముఖానికి అతుక్కుపోతుంది. లాగుతాడు, గోడకి తల కొట్టుకుంటాడు, కుప్పకూలతాడు. ఒళ్లంతా ఏడుస్తుంది, ముఖం నవ్వుతూనే ఉంటుంది. నిజానికి ముసుగంటూ ఏదీ లేదు, అతని ముఖమే. నాకు చేతనైనంత చేసి చూపించాను. మాతంగుల్లో ఒకాయన, "ఈ గాజులు కూడా ఇట్లే, పొద్దున్నుంచీ రాలేదు" అని చెయ్యి చూపించాడు. మేడంతా నవ్వులు.

ప్రశ్నల్లో మొదటిది బాబాయ్‌దే. "అంత పేరొచ్చింది సరే, డబ్బులొచ్చినాయా?"

ఇలాంటి ప్రశ్న సాహిత్య సభల్లో ఎవరూ అడగరు. పేదరికంలో పోయాడని చెప్పలేను గానీ, అప్పులు మిగిలాయి. బృందం నడపడం, బడి నడపడం, రెండూ డబ్బు తినే పనులే. ఎనభై దాటాక కూడా వేదిక ఎక్కాడు. 2007 సెప్టెంబర్ 22న 84 ఏళ్ల వయసులో ఫ్రాన్స్‌లోని కహోర్‌లో పోయాడు, పారిస్ పెర్ లషేజ్ శ్మశానంలో పూడ్చారు. 2009లో అప్పులు తీర్చడానికి అతని వస్తువులు పారిస్‌లో వేలం వేశారు.

"మన భాగోతాలోళ్ల మాదిరే" అన్నారు బాబాయ్. ఆ తర్వాత, "నాకు మాత్రం పద్యం లేకుంటే ఆట నిలబడదు నాయనా. మొగుడూ పెళ్లాలు మాట్లాడుకోని ఇల్లు చూసినట్టుండాది" అన్నారు. చిత్తూరు జిల్లాలో రాత్రంతా భారతం ఆడితే తెల్లారేదాకా కూర్చునే మనిషి. వాదించలేదు.

సోమవారం

సున్నపు కుండల వేషం ఇవాళ. అసలు జాతర రేపు. ఎల్లుండి తెల్లవారుజామున గుడి ముందు మట్టితో మలిచిన విశ్వరూపం చెంప తొలగిస్తారట, ఆ మట్టి కోసం జనం తోసుకుంటారట. అది చూడకుండానే వెళుతున్నాను, చిత్తూరులో క్లాసు రేపు పొద్దున్నే.

పిల్లలు రాత్రి కూర్చుని గంగమ్మ కథని మాటల్లేకుండా అల్లేశారు. వేషాలు బాగానే కుదిరాయి. పాలెగాడు దాక్కోవడానికి మొదటి రోజు గోడ పనికొచ్చింది. చిక్కంతా తల నరకడం దగ్గర. ఒకడు కత్తి చాలా పెద్దదిగా ఊపాడు, చూస్తే క్రికెట్ షాటు. ఇంకొకడు తలే పట్టుకు నరికించుకున్నాడు, అందరూ నవ్వేశారు. గోడ దొరికిన అమ్మాయి కత్తిని తీసేసింది. దొరగా నిటారుగా నడిచి వచ్చింది, ఆగింది, ఎడమచెయ్యి కిందికి చాచి పిడికిలి బిగించింది, అంతే. పిడికిట్లో జుట్టు. దాని కింద తల ఉందని అర్థమైంది. అట్లాగే పట్టుకొని నాలుగడుగులు నడిచింది.

నేను ఏదో చెప్పబోతుంటే కుర్చీలో పేపరు చదువుతున్న బాబాయ్ కళ్లజోడు పైకి తోశారు.

"ఏమ్మా, ఎవురి తల అది?"

"పాలెగాడిది తాతా."

"అంత తేలికగా ఉంటాదా? భుజం వంగాల. పోయినోడు మామూలోడు కాదు, మళ్లా నడువు."

ఆ అమ్మాయి మళ్లీ నడిచింది. ఈసారి భుజం దిగింది, నడుం అవతలికి ఒరిగింది, కాలు ఆలస్యంగా లేచింది. మేం పొద్దున్నుంచీ తంటాలు పడుతున్న ఎదురు బరువు పాఠం అదే.

"ఆఁ, ఇప్పుడు తెగింది" అని బాబాయ్ పేపరు తిప్పారు.